సింహాసనం దేవుడా, కూర్చున్నవాడు దేవుడా?

మా అన్నయ్య కాలేజీలో చరిత్ర చెప్పి రిటైరయ్యాడు. మా అమ్మాయి కార్మికుల కేసులు వాదించే లాయరు. ప్రాచీన ఈజిప్టు రాజు దేవుడా కాదా అన్న మాట వస్తే ఇద్దరికీ పొసగదు. ఆ నమ్మకాన్ని ఈజిప్టువాళ్ళు మూడు వేల ఏళ్ళు మనసారా నమ్మి బతికారని ఆయన వాదన. పన్నులు వసూలు చేసేవాళ్ళు, రాళ్ళు మోయించేవాళ్ళు గోడలకెక్కించిన మాట అది అని ఈమె వాదన. వాళ్ళు వాదించుకున్నది ఇక్కడ రాస్తున్నాను. ఉండబట్టలేక ఒకటి రెండు చోట్ల నా మాట కూడా కలిపాను.

మేనకోడలు: సూటిగా అడుగుతాను మామయ్యా. దేవుడికి పన్ను పోటు వస్తుందా? రెండో రామ్సెస్ మమ్మీని 1976లో పారిస్ తీసుకెళ్ళి పరీక్షించారు. బాగా పండిపోయిన ముసలాయన. పళ్ళు అరిగిపోయి, దవడలో చీము పట్టిన ఆనవాళ్ళున్నాయి. ఆయనకు అన్నం పెట్టినవాళ్ళు, స్నానం చేయించినవాళ్ళు, మందు వేసినవాళ్ళు ఆ బాధంతా చూసే ఉంటారు. వాళ్ళు కూడా ఆయన్ని దేవుడనే అనుకున్నారంటే నాకు నమ్మబుద్ధి కాదు.

మామయ్య: దేవుడంటే చావూ రోగమూ లేనివాడని ముందే అనుకుని అడుగుతున్నావు. వాళ్ళ దేవుళ్ళు అలాంటివాళ్ళు కారమ్మా. ఒసైరిస్‌ను సొంత తమ్ముడు సేత్ చంపాడు. సూర్యదేవుడు రా సాయంత్రానికి ముసలివాడై పడమట దిగి, రాత్రంతా పాతాళంలో పడవ ప్రయాణం చేసి, పొద్దున మళ్ళీ పుడతాడు. దేవుళ్ళే చచ్చి బతికే చోట రాజు చనిపోతే వింతేముంది? బతికున్న రాజు హోరస్ దేవుడు. చనిపోయిన రాజు ఒసైరిస్, అంటే హోరస్ తండ్రి. గద్దెనెక్కిన కొడుకు కొత్త హోరస్. మనుషులు మారుతుంటారు, ఆ తండ్రీకొడుకుల జంట మాత్రం మారదు. చావును దాచిపెట్టకుండా దాన్నే వారసత్వానికి పునాది చేసుకున్న ఏర్పాటు అది.

మేనకోడలు: ఏర్పాటు అన్నారు కదా, నేనూ అదే అంటున్నాను. తండ్రి తర్వాత కొడుకే కూర్చోవాలి, ఎవరూ అడ్డు చెప్పకూడదు. దానికి ఇంతకన్నా అనువైన కథ ఎక్కడ దొరుకుతుంది? మొదటికే వెళ్దాం. నార్మర్ రాజు ఫలకం క్రీ.పూ. 3100 ప్రాంతానిది. 1897-98 తవ్వకాల్లో హీరాకోన్‌పోలిస్‌లో దొరికింది. రెండడుగుల పైచిలుకు రాతిపలక. దాని మీద రాజు ఒకడి జుట్టు పట్టుకుని గద ఎత్తాడు. వెనకాల ఒక చిన్న మనిషి రాజుగారి చెప్పులు పట్టుకుని నిలబడ్డాడు. పలక తిప్పి చూస్తే, నరికిన తలలు కాళ్ళ మధ్య పెట్టిన శవాలు రెండు వరసల్లో పడున్నాయి. ఈజిప్టు రాచరికం తన గురించి తాను చెప్పుకున్న తొలి మాటల్లో ఇదొకటి. ఇందులో భక్తి ఎక్కడుంది?

మామయ్య: గద ఎత్తిన వైపే, రాజు ఎదురుగా పైన చూడు. ఒక డేగ ఉంది. దాని గుప్పిట్లో తాడు, తాడు రెండో కొస ఒక మనిషి ముక్కుకు తగిలించి ఉంది. గద రాజుది, తాడు డేగది, చేస్తున్న పని ఒక్కటే. ఆ డేగే హోరస్. బలంతో గెలిచిన మాట నేను కాదనను. గెలిచాక ఆ బలానికి ఒక బాధ్యత తగిలించారు, అది చూడమంటున్నాను. దాని పేరు మాఅత్. సత్యం, న్యాయం, నైలు వేళకు పొంగడం, బలవంతుడు బలహీనుణ్ణి మింగకుండా ఉండడం, అన్నీ అందులోవే. గుళ్ళ గోడల మీద రాజు అరచేతిలో ఒక చిన్న దేవత బొమ్మను పెట్టుకుని దేవుడికి సమర్పిస్తుంటాడు. దేవత తల మీద ఈక. ఆమే మాఅత్. రొట్టెలు, బాతులు, ద్రాక్షసారా ఎన్ని పెట్టినా, రాజు పెట్టాల్సిన అసలు నైవేద్యం అది.

మేనకోడలు: ఆ గోడలే నా సాక్షులు. ఏ గుడి గోడ చూసినా పూజ చేసేది రాజొక్కడే. కర్నాక్‌లో ఆయనే, అబిడోస్‌లో ఆయనే, నూబియాలో ఆయనే. ఒకే పొద్దున అన్ని గర్భగుళ్ళలో ఎలా ఉంటాడు? పూజ చేసింది పూజారులు, బొమ్మ మాత్రం రాజుది. అది నిజం కాదని చెక్కినవాళ్ళకీ తెలుసు.

మామయ్య: జిల్లా అంతటా కలెక్టరు పేరిట కాగితాలు తిరుగుతాయి. ప్రతి కాగితం ఆయన చేత్తో రాశాడని ఎవరూ అనుకోరు, అబద్ధమనీ అనరు. గర్భగుడి తలుపు తీసేటప్పుడు పూజారి కూడా తనను రాజే పంపాడని నిత్యపూజలో చెప్పుకునేవాడు. దేవుళ్ళ ముందు నిలబడే హక్కు దేశం మొత్తంలో ఒక్క పదవికే ఉంది. ఆ పదవిలో ఉన్నవాడు రాజు. నేను దేవుడంటున్నది ఆ పదవిని.

మేనకోడలు: మరి అలా అయితే మీరు మాట మార్చినట్టే. హెన్రీ ఫ్రాంక్‌ఫర్ట్ అనే పండితుడు 1948లో రాజును పూర్తిగా దేవుళ్ళ వైపు కూర్చోబెట్టాడు. మీ తరం అదే చదువుకుంది. 1960లో జార్జ్ పోసెనెర్ అనే ఇంకో పండితుడు వచ్చి ఈజిప్టువాళ్ళ కథలు, నీతి గ్రంథాలు ముందు పెట్టి చూపించాడు. వాటిలో రాజు మనిషే. మొదటి అమెనెమ్‌హాత్ పేరు మీద ఉన్న ఉపదేశంలో, రాత్రి భోజనమై నిద్రపోతుంటే తన సొంత కాపలావాళ్ళే కత్తులు దూశారని రాజు కొడుకుతో చెప్పుకుంటాడు. మెరికారే అనే కొడుకుకి చేసిన ఉపదేశంలో తన హయాంలో ఒక పవిత్ర ప్రాంతం పాడైందని రాజు ఒప్పుకుంటాడు. ఇవి శత్రువులు రాసినవి కావు. బడుల్లో పిల్లలు ఎత్తిరాసుకున్న పాఠాలు.

మామయ్య: పోసెనెర్‌ని నేనూ కాదనను. అయినా రావెర్ సంగతి విను, తర్వాత చెప్పు. అయిదో వంశంలో నెఫెరిర్కారే రాజు ఉన్నప్పటి మాట, అంటే ఇప్పటికి 4,400 ఏళ్ళ కిందటిది. దేవుడి పడవకు సంబంధించిన క్రతువు జరుగుతోంది. రాజు అలంకారాలతో వచ్చాడు. రావెర్ అనే పూజారి రాజు పాదాల పక్కనే తన పని తాను చేసుకుంటున్నాడు. రాజు చేతిలో రాజదండం ఉంది. అది పొరపాటున రావెర్ కాలికి తగిలింది. అంతే జరిగింది. రాజు వెంటనే, నీకేమీ కాకూడదు, బాగుండు అన్నాడు. అక్కడితో ఆగలేదు. అతనికి దెబ్బ తగలకూడదన్నదే తన కోరిక అని అందరి ముందూ చెప్పి, ఆ మాటలు అతని సమాధిలో రాతి మీద చెక్కించమని ఆజ్ఞ ఇచ్చాడు. గిజాలో ఆ సమాధి దొరికింది. దండం తగిలితే గాయం ఎంతవుతుంది తల్లీ? అంత హడావిడి ఎందుకు? ఆ దండంలో, ఆ చేతిలో ఉన్న శక్తి మామూలుది కాదని రాజూ నమ్మాడు, రావెర్ నమ్మాడు, చూసినవాళ్ళూ నమ్మారు.

మేనకోడలు: నాకు అందులో ఇంకొకటి కనిపిస్తుంది. నిండు క్రతువులో పెద్ద పూజారిని రాజు కొట్టాడన్న పుకారు లేస్తే రావెర్ పరువు పోతుంది. అది కొట్టడం కాదని రాజే రాయించి ఇచ్చాడు. నేను కోర్టులో అలాంటి కాగితాలు రోజూ చూస్తాను. సరే, అదే రాజు దగ్గర వాష్‌ప్తా అనే మంత్రి ఉన్నాడు. ఉన్నట్టుండి జబ్బు చేసి కుప్పకూలాడు. రాజు వైద్యుల్ని పిలిపించాడు, గ్రంథాల పెట్టె తెప్పించాడు, చివరికి రా దేవుణ్ణి ప్రార్థించాడు. మంత్రి దక్కలేదు. పొరపాటున తగిలిన కర్ర నుంచి పూజారిని కాపాడిన దేవుడు, ప్రాణం పోతున్న మంత్రి ముందు చేతులెత్తేశాడు.

మామయ్య: చేతులెత్తేశాడు, నిజమే. అయితే ఆ సంగతి వాష్‌ప్తా సమాధి గోడ మీద దాచకుండా చెక్కారు. రాజు దుఃఖపడ్డాడు, ప్రార్థించాడు, చనిపోయినవాడికి ఘనంగా సంస్కారాలు జరిపించాడు అని గర్వంగా చెప్పుకున్నారు. వాళ్ళకు అందులో తలవంపులు కనపడలేదు. దేవుళ్ళందరిలో చిన్నవాడు రాజు. పెద్దవాళ్ళను అడగాల్సినవాడు. దేవుడికీ మనిషికీ మధ్య మనకు అడ్డంగా కనిపించే గోడ వాళ్ళకు లేదు.

ఈ చోట మా అన్నయ్య మాటే నాకు సబబనిపించింది. రావెర్ కాలికి తగిలిన దండం, వాష్‌ప్తా మంచం పక్కన రాజు చేసిన ప్రార్థన, రెండూ ఒకే రాజువి. ఒకటి నమ్మినవాళ్ళు రెండోది కూడా రాతి మీద చెక్కించుకున్నారు.

మామయ్య: మనవాళ్ళు కూడా రాజులో విష్ణువు అంశ ఉందన్నారు కదా.

మేనకోడలు: దాన్ని దీంట్లో కలపొద్దు మామయ్యా. ఈజిప్టు సంగతి ఈజిప్టులోనే తేలనివ్వండి. హత్షెప్సుత్ దగ్గరికి రండి. క్రీ.పూ. 15వ శతాబ్దంలో ఆడమనిషి ఫారో, అంటే రాజు, అయింది. దైర్ ఎల్ బహ్రిలో గుడి కట్టించి, నడిమి అంతస్తు గోడల మీద తన పుట్టుక కథ చెక్కించింది. ఆమున్ దేవుడు ఆమె తండ్రి థుట్మోస్ రూపంలో తల్లి అహ్మోస్ దగ్గరికి వస్తాడు. దేవుడి ఒంటి పరిమళానికి ఆవిడ మేలుకుంటుంది. తర్వాత పొట్టేలు తల ఉన్న ఖ్నూమ్ దేవుడు కుమ్మరి చక్రం మీద ఇద్దరు పిల్లల్ని చేస్తాడు. ఒకరు హత్షెప్సుత్, రెండోది ఆమె ‘కా’, అంటే ప్రాణశక్తి. ఇద్దర్నీ మగపిల్లలుగానే చెక్కారు. ఆమె గద్దెనెక్కకపోతే ఈ బొమ్మలు ఉండేవా? అధికారం ముందు వచ్చింది, పుట్టుక తర్వాత చెక్కారు.

మామయ్య: కుమ్మరి చక్రం మీద ఇద్దరు ఎందుకున్నారో ఆలోచించావా? నా వాదన మొత్తం ఆ రెండో బొమ్మలో ఉంది. ఒకటి పుట్టి, పెరిగి, పళ్ళు ఊడి చనిపోయే శరీరం. రెండోది రాచరికపు కా. అది ఒక రాజు నుంచి ఇంకో రాజుకు వస్తుంది. ఏటా ఓపెట్ పండుగకు ఆమున్‌ను కర్నాక్ నుంచి లక్సర్‌కు ఊరేగించేవాళ్ళు. మూడో థుట్మోస్ కాలంలో 11 రోజుల పండుగ. జనం దారి పొడుగునా ఉండేవాళ్ళు. రాజు లోపలి గదుల్లోకి వెళ్ళి, ఆ కా తో ఒక్కటై బయటికి వచ్చేవాడని లానీ బెల్ అనే పండితుడు 1985లో విడమరిచి రాశాడు. ఏటా కొత్తగా తెచ్చుకోవాల్సిన దైవత్వం అది. పుట్టుకతో మనిషికి అతుక్కుపోయినదైతే పండుగ ఎందుకు? అబూ సింబెల్‌లో రెండో రామ్సెస్ నిలబడి రామ్సెస్ అనే దేవుడికే నైవేద్యం పెడుతుంటాడు. అహంకారమని నవ్వేవాళ్ళను చూశాను. పెడుతున్నవాడు మనిషి, పుచ్చుకుంటున్నది ఆ పదవిలోని దైవం. చెక్కిన శిల్పికి ఆ తేడా తెలుసు.

మేనకోడలు: బాగుంది. అయితే ఆ పదవికి పొట్ట నింపినవాళ్ళ మాట కూడా వినండి. మూడో రామ్సెస్ 29వ పాలన సంవత్సరం, క్రీ.పూ. 1157 ప్రాంతం. దైర్ ఎల్ మదీనాలో రాజుల సమాధులు తొలిచే పనివాళ్ళ ఊరు. జీతం అంటే ధాన్యమే. మామూలు పనివాడికి నెలకు అయిదున్నర ఖార్లు, మన లెక్కలో 400 లీటర్ల పైన. గోధుమలు రొట్టెకు, బార్లీ బీరుకు. ఆ ఏడు ధాన్యం రావడం ఆగింది. నెలలో 18 రోజులు గడిచిపోయాయి, ఆకలేస్తోంది అంటూ పనివాళ్ళు సమాధుల కాపలా గోడలు దాటి వచ్చి, మూడో థుట్మోస్ గుడి వెనక కూర్చున్నారు. తర్వాత రామేసియం గుడిలోకి వెళ్ళారు. బట్టల్లేవు, నూనె లేదు, చేపలు లేవు, కూరగాయలు లేవు అన్నారు. లేఖకుడు అమెన్నఖ్త్ ఇదంతా రాసిపెట్టాడు. లోకచరిత్రలో మనకు తెలిసిన తొలి సమ్మె ఇది. మరి ఆ సమయంలో తో అనే మంత్రి ఏం చేస్తున్నాడు? మరుసటి ఏడాది రాజుగారి పాలనకు 30 ఏళ్ళు నిండే సెద్ పండుగ కోసం దక్షిణాది దేవుళ్ళ విగ్రహాల్ని పడవలెక్కించి ఉత్తరానికి తీసుకుపోతున్నాడు. దేవుడి ఉత్సవానికి పడవలున్నాయి, దేవుడి సమాధి తవ్వేవాడికి గింజల్లేవు.

మామయ్య: వాళ్ళు ఎవరికి మొర పెట్టుకున్నారో చెప్పకుండా దాటేశావు. మా మంచి ప్రభువు ఫారోకి కబురు పంపండి అన్నారు. గుళ్ళలోనే ఎందుకు కూర్చున్నారు? వాళ్ళ ధాన్యం గుళ్ళ గాదెల్లో ఉంది, ఆ గుళ్ళు రాజు పేరిట ఉన్నాయి. దేవుడివైతే మాకు తిండి పెట్టు అని అడిగే హక్కు వాళ్ళకు ఆ దైవత్వమే ఇచ్చింది. ఆకలి మాఅత్‌కు విరుద్ధం. ఎవరూ సమ్మె చేసినవాళ్ళ మీద కత్తి ఎత్తలేదు. చివరికి, అంతకుముందు నెల తాలూకు ధాన్యం ఇచ్చారు.

మేనకోడలు: మళ్ళీ ఆగింది కదా! మళ్ళీ సమ్మె చేశారు కదా! గాదెలో దొరికింది ఇదే అని మంత్రి సగం ఇచ్చాడు. మీరు హక్కు అంటున్నారు, నా వృత్తిలో హక్కు అంటే అది అమలయ్యే చోటు ఒకటుండాలి. ఆ పనివాళ్ళకు ఆ చోటు ఏది? దైవత్వం వాళ్ళకు అడిగే నోరిచ్చింది, ఒప్పుకుంటాను. ఇవ్వకపోతే ఏం చేయాలో చెప్పలేదు. తప్పు మంత్రిది, తప్పు లేఖకుడిది, రాజు వరకూ ఎప్పుడూ పోదు. దైవత్వమనే గోడ అందుకే కట్టారు.

మామయ్య: రాజు వరకూ పోలేదా? మూడేళ్ళకే పోయింది.

మేనకోడలు: అదెందుకు మర్చిపోతాను. అంతఃపురంలోనే కుట్ర. తియే అనే రాణి, కొడుకు పెంతావెరెత్‌ను గద్దెనెక్కించాలనుకుంది. మైనపు బొమ్మలు చేశారు, రాజుగారి గ్రంథాల నుంచి మంత్రాలు తీసుకున్నారు. రాజు మమ్మీని సీటీ స్కాన్ చేస్తే గొంతు వెన్నెముక దాకా తెగి ఉందని 2012లో తేలింది. హోరస్ గొంతు కోశారు మామయ్యా, అదీ సొంత ఇంటివాళ్ళు.

మామయ్య: మైనపు బొమ్మ ఎందుకమ్మా, కత్తి ఉండగా? మామూలు మనిషిని చంపడానికి మంత్రం అక్కర్లేదు. రాజు చుట్టూ ఉన్న శక్తిని కట్టేయాలని వాళ్ళకు తెలుసు కనకే మంత్రం వెతుక్కున్నారు. చంపినవాళ్ళు కూడా నమ్మినవాళ్ళే.

అదే స్కాన్‌లో ఇంకొకటి కనిపించింది. తెగిన గొంతులో, గాయం లోపల, హోరస్ కన్ను తాయెత్తు ఉంది. శవాన్ని మమ్మీగా సిద్ధం చేసినవాళ్ళు పెట్టారు. ఆ కన్ను గాయాల్ని మాన్పుతుందని వాళ్ళ నమ్మకం. బతికున్నన్నాళ్ళూ హోరస్ అనిపించుకున్న మనిషికి, చచ్చాక హోరస్ కన్నుతో వైద్యం చేశారు. ఉత్త అబద్ధమనుకునేవాళ్ళు మూడువేల ఏళ్ళకు గానీ ఎవరికీ కనపడని చోట అలాంటి తాయెత్తు పెట్టరు. మా అమ్మాయి దీనికి జవాబు చెప్పలేదు. తొమ్మిదో రామ్సెస్ కాలానికి దూకింది.

మేనకోడలు: తొమ్మిదో రామ్సెస్ పాలన 16వ ఏట దొంగలు దొరికారు. అమెన్‌పనుఫెర్ అనే రాతిపనివాడి వాంగ్మూలం ఉంది. పాత రాజు సోబెకెమ్‌సాఫ్ సమాధిలోకి సొరంగం తవ్వి, రాజు, రాణి మమ్మీల మీద బంగారం ఒలిచి, పెట్టెలకు నిప్పు పెట్టారు. 160 దెబెన్ల బంగారం, ఎనిమిది మందికి తలా 20. అంటే ఒక్కొక్కరికి కిలోన్నర పైనే. పట్టుబడితే, అమెన్‌పనుఫెర్ తన 20 దెబెన్లూ ఒక అధికారికి లంచమిచ్చి బయటికొచ్చి, మళ్ళీ వెళ్ళి దొంగతనం చేశాడు. ఒసైరిస్ అయిన రాజు శవపేటికకు నిప్పు పెట్టినవాడికి భయం ఏదీ?

మామయ్య: భయం పోయింది. ఆకలి పెరిగింది, గాదెలు ఖాళీ అయ్యాయి, మాఅత్ తప్పింది. నా లెక్క ప్రకారం అలాగే జరగాలి. ఆఖరి రామ్సెస్, పదకొండో రామ్సెస్ కాలంలో పియాంఖ్ అనే సేనాధిపతి ఒక ఉత్తరం రాశాడు. ఇద్దరు పోలీసుల్ని చంపించి రాత్రిపూట నదిలో పడేయమని ఆజ్ఞ. ఆ ఉత్తరంలోనే, ఫారో ఇప్పుడు ఎవరి మీద పెద్ద అని అడుగుతాడు. ఆ ఉత్తరం చదివిన ప్రతిసారీ నాకు కడుపులో దేవినట్టుంటుంది. ఒక ధర్మం మాసిపోయిన చప్పుడు అది.

మేనకోడలు: నాకు అందులో ఒక నిజం బయటపడ్డ చప్పుడు వినిపిస్తుంది. హత్య చేయించే సేనాధిపతికి మాత్రమే ఆ మాట అనే ధైర్యం వచ్చింది, ఆకలితో ఉన్న పనివాడికి రాలేదు.

మామయ్య: ధర్మం మాసినా, దాని మేలు కొంత కిందికి దిగింది. ఉనాస్ రాజు పిరమిడ్ లోపల, క్రీ.పూ. 2350 ప్రాంతంలో చెక్కిన మంత్రాలు రాజు కోసం. కొన్ని వందల ఏళ్ళకు అలాంటివే అధికారుల శవపేటికల మీద కనిపిస్తాయి. ఆ తర్వాత పపైరస్ మీద రాయించుకోగలిగినవాళ్ళందరూ పరలోకంలో ఒసైరిస్ కావచ్చు. మన హైదరాబాద్ పబ్లిక్ గార్డెన్స్ మ్యూజియంలో ఉన్న ఒక అమ్మాయి మమ్మీని చూశావు కదా, ఏడో నిజాం ఇచ్చింది. ఆ అమ్మాయిని అంత జాగ్రత్తగా చుట్టిపెట్టింది కూడా ఆ ఆశతోనే.

మేనకోడలు: రాయించుకోగలిగినవాళ్ళు అన్నారు, అంటే డబ్బున్నవాళ్ళు.

మామయ్య: డబ్బున్నవాళ్ళే, కాదనను. ఆఖరి మాట. క్రీ.పూ. 30లో రోమ్ పాలకుడు ఆగస్టస్ ఈజిప్టును పట్టుకున్నాడు. ఈజిప్టువాళ్ళు కొలిచే ఏపిస్ ఎద్దును దర్శించుకోమంటే, నేను దేవుళ్ళను కొలుస్తాను గానీ గొడ్లను కాదు అన్నాడని రోమన్ చరిత్రకారుడు రాశాడు. అదే ఆగస్టస్ కలబ్షా గుడి గోడల మీద ఫారో కిరీటం పెట్టుకుని ఈజిప్టు దేవుళ్ళకు నైవేద్యం పెడుతున్నాడు. ఆయన నమ్మాడా లేదా అని పూజారులు అడగలేదు. దేవుళ్ళకూ మనుషులకూ మధ్య ఆ చోటు ఖాళీగా ఉండకూడదు. ఎవరున్నా సరే, పేరు చెక్కారు.

మేనకోడలు: ఎవరున్నా సరే అన్న ఆ మాటే నన్ను భయపెడుతుంది.

ఇద్దరూ ఒప్పుకోలేదు. నా తీర్పు అడిగారు కనక రాస్తున్నాను. ఈజిప్టువాళ్ళు అమాయకులు కారు. కూర్చున్నవాడు మనిషని వాళ్ళకు తెలుసు, సింహాసనంలో దైవం ఉందనీ నమ్మారు. అంతవరకు మా అన్నయ్య గెలిచాడు. అయితే ఆ సింహాసనాన్ని లెక్క అడిగే చోటు మూడు వేల ఏళ్ళలో ఒక్కటీ ఏర్పడలేదు. ఆ ఒక్క మాట మీద నేను మా అమ్మాయి వైపే. అమెన్నఖ్త్ రాసిన ఆ సమ్మె పత్రం ఇప్పుడు ఇటలీలో టూరిన్ మ్యూజియంలో ఉంది. పిరమిడ్ల గురించి పిల్లలకు చెప్పేవాళ్ళు, దయచేసి ఆ పత్రం గురించి కూడా చెప్పండి.